పదకొండో రీలు

"ఒసే అచ్చియ్యమ్మా, మళ్ళీ వచ్చేవేటి? ఆ హీరో నీకేటి, అల్లుడా?"

గేటు దగ్గర టిక్కెట్లు చింపే రాజ్యం అడిగింది. ఆడవాళ్ళ బెంచీల మీద అందరూ నవ్వారు. అచ్చియ్యమ్మ కూడా కొంచెం నవ్వింది.

చోడవరంలో ఆ సినిమాకి అది తొమ్మిదో రోజు. ఆఖరి రోజు. రేపు పొద్దున్నే ఫిలిం పెట్టెలు మాడుగుల బస్సెక్కిపోతాయి. అక్కణ్ణుంచి ఎక్కడికి పోతాయో ఎవరికీ తెలీదు. రోజూ చీడికాడ నుంచి వచ్చి మ్యాట్నీ చూసి పోతోంది అచ్చియ్యమ్మ. ఇవాళ తప్పితే ఇంక లేదు.

కథ అందరికీ నోటికొచ్చేసింది. డబ్బుకి మనుషుల్ని చంపి చంపి, అది మానేసి, గులాబీలు పెంచుకుంటున్న ఒకాయన. తెల్ల సూటు, నల్ల కళ్ళద్దాలు. పాత ముఠా వచ్చి తోటంతా తొక్కేస్తుంది. ఇంక ఒకటే కాల్పులు. ఎంతమంది పడినా ఆ సూటుకి మాత్రం మరకంటదు. పదకొండో రీల్లో, మంటల్లో ఉన్న మేడ మీంచి దూకుతాడు. రెండు చేతులూ చాపి, మనకి వీపు పెట్టి.

హాలంతా ఈలలు. అచ్చియ్యమ్మ మాత్రం అక్కడ బావురుమనేది. రోజూ అక్కడే.

"ఊరుకో పిన్నీ, ఆడికేటవదు. అదిగో సూడు, లేచేసేడు. టోపీ కూడా పడలేదు" అని పక్కవాళ్ళు ఓదార్చేవారు.

ఆ ఏడుపు పైన కేబిన్లో ఆపరేటరు సత్యారావుకీ వినిపించేది. మెత్తని మనిషి. తొమ్మిది రోజులుగా అతనికి టీ కూడా సయించడం లేదు.

పదకొండో రీలు మొదలైంది. అచ్చియ్యమ్మ ముందుకి జరిగి, కళ్ళు తుడుచుకుని, రెప్ప వెయ్యకుండా కూర్చుంది. మేడ అంటుకుంది. హీరో కిటికీ ఎక్కాడు. మరుక్షణం కింద నిలబడి సూటు దులుపుకుంటున్నాడు.

దూకనే లేదు.

జనం గోల చేశారు. అచ్చియ్యమ్మ ఏడవలేదు.

ఆట అయిపోయాక కేబిన్ మెట్ల దగ్గర నిలబడింది. సత్యారావు సంబరంగా దిగి వచ్చాడు.

"ఇవాళ ఏడవలేదు సూసేవా పిన్నీ! నీ కోసమే ఆ దూకే ముక్క కోసేసి, ఫిలిం అతికించేసేను. ఓనరుకి సెప్పకేం."

"ఆ ముక్క ఏది బాబూ?"

"ఇంకెక్కడి ముక్క! పొద్దున్నే టీ పొయ్యిలో పడేసేను. భగ్గుమంది."

అచ్చియ్యమ్మ మెట్టు మీద కూలబడిపోయింది.

"ఏటయింది పిన్నీ? హీరో బాగానే ఉన్నాడు కదా!"

"ఆయన బాగానే ఉన్నాడు బాబూ" అంది అచ్చియ్యమ్మ. "ఆయన బదులు దూకి సచ్చిపోయినోడు నా కొడుకు, ఆడి శవాన్ని మద్రాసులో కాల్చేసినప్పుడూ నాకు సూపించలేదు."