తోర్గిల్స్ పెట్టిన పరీక్ష

డెన్మార్క్ పిల్ల మాకు మంచు చూపిస్తుందట. ఆ మాట విని ఊరు ఊరంతా నవ్వింది.

నవ్వమా మరి? ఆ దేశంలో కొండ అంటే మా పేడకుప్ప కన్నా కాస్త ఎత్తుంటుంది. అలాంటి చోట పుట్టిన మాలెనె కొండల మధ్యకు చొచ్చుకొచ్చిన మా సముద్రపు పాయ, ఫియోర్డ్ ఒడ్డున ఆరు సన్నటి కయాక్ పడవలు పెట్టుకుంది. పొద్దున సముద్రం మీద తెడ్లు వేయించి, మధ్యాహ్నం హిమానీనదం మీద నడిపించి, సాయంత్రానికి వెనక్కి తెస్తానని బోర్డు కట్టింది. తాతకు దగ్గులు నేర్పడమంటే ఇదే.

అయితే పడవలు దించే ఒడ్డు మా ఊరి ఉమ్మడి ఆస్తి. వచ్చే వేసవికి దాన్ని ఆమెకు ఇవ్వాలా వద్దా అన్నది శనివారం సాయంత్రం ఊరి సమావేశంలో తేలాలి. ఇవ్వకపోతే మాలెనె మూటాముల్లె సర్దుకోవాల్సిందే, రెండేళ్ల కష్టం నీళ్లపాలు. ముందు ఎవరో ఒకరు ఆ రోజు పగలంతా ఆమెతో తిరిగొచ్చి, పనికొస్తుందో లేదో చెప్పాలనుకున్నాం. ఎవరు వెళ్లాలన్న దాని మీద చర్చే జరగలేదు. తోర్గిల్స్ ఉండగా ఇంకొకరి పేరెలా వస్తుంది?

డెబ్బై ఒక్కేళ్ల తోర్గిల్స్ ఆ హిమానీనదం నీడలోనే పుట్టాడు. మంచులో ఏ బీట ఏ నెలలో నోరు తెరుస్తుందో, ఎక్కడ అడుగేస్తే బతుకుతామో, కాఫీ కొట్టు ముందు కూర్చుని ముప్పై ఏళ్లుగా చెబుతున్నాడు. మంచు గురించి మా పిల్లలు నేర్చుకున్నదంతా ఆయన దగ్గరే.

ఆ రోజు మాలెనె వెంట ఇంకో ఇద్దరే ఉన్నారు. ఓస్లో నుంచి వచ్చిన పళ్ల డాక్టరు దంపతులు. కోట్లకు కొట్టువాడి చీటీలు ఇంకా వేలాడుతూనే ఉన్నాయి.

మాలెనె లైఫ్ జాకెట్ అందిస్తే తోర్గిల్స్ దాన్ని చచ్చిన చేపలా రెండు వేళ్లతో పట్టుకున్నాడు.

"నేను పడవలోనే పెరిగానమ్మాయ్. ఇది మీ ఊరి బాతుల చెరువు కాదు."

"తెలుసండీ. అయినా వేసుకోండి."

వేసుకున్నాడు. సముద్రం మీద మాత్రం ఆయనకు తిరుగులేదు. డాక్టర్ల కయాక్ గింగిరాలు తిరుగుతుంటే, ఆయన ముందే అవతలి గట్టు చేరి గోధుమరంగు జున్ను పెట్టిన రొట్టె తింటూ కూర్చున్నాడు.

అక్కడి నుంచి గంట నడిస్తే మంచు అంచున ఒక చెక్క గుడిసె ఉంటుంది. లోపల బల్ల మీద ఒక పుస్తకం. పైకి వెళ్లేవాళ్లు పేరు, దారి, ఆ మంచు ఎక్కడం ఎన్నోసారో అందులో రాయాలి. దిగి వచ్చాక గైడు టిక్కు పెట్టాలి. ఎవరైనా రాకపోతే వెతికేవాళ్లు ముందు తెరిచేది దాన్నే. కొత్తవాణ్ణి ఒకచోట వెతుకుతారు, ఆరితేరినవాణ్ణి ఇంకోచోట. పట్టిన చేప పొడవు గురించి ఎన్ని కోతలైనా కోస్తాం గానీ, ఆ పుస్తకంలో అబద్ధం రాసేవాడు మా తీరంలో ఇంకా పుట్టలేదు.

డాక్టర్లు రాశారు. వాళ్లు బయటికి వెళ్లాక తోర్గిల్స్ రాసి వచ్చాడు.

బూట్లకు ఇనుప ముళ్లు కట్టుకోవాల్సి వచ్చినప్పుడు ఆయన రాతి మీద కూర్చుని కాళ్లు చాపాడు. సరిగ్గా కట్టడం వచ్చో రాదో చూస్తాను, నువ్వే కట్టు అన్నాడు. మాలెనె మోకాళ్ల మీద కూర్చుని కట్టింది. డాక్టరు తనవి తిరగేసి కట్టుకున్నాడు. మాలెనె వాటిని సరిచేశాక తోర్గిల్స్ పగలబడి నవ్వాడు.

నలుగురూ ఒకే తాడుకు కట్టుకుని మంచు ఎక్కారు. ముందు మాలెనె, వెనకే తోర్గిల్స్. అడుగులు చిన్నవన్నాడు. నడక నత్తనడక అన్నాడు. తాడు ఇంత వదులా అని మాటిమాటికీ కసిరాడు. ఆమె పళ్ల బిగువున భరించింది.

సగం దూరంలో ఎడమవైపు తెల్లగా, నున్నగా, దుప్పటి పరిచినట్టు మంచు కనిపించింది. కుడివైపంతా గతుకులు.

"ఎడమ నుంచి పద. మేం ఎప్పుడూ అటే వెళ్తాం."

మాలెనె తల అడ్డంగా ఊపింది. డాక్టరమ్మ కూడా అటే దగ్గరనీ, పెద్దాయన మాట వినమనీ సణిగింది.

తోర్గిల్స్ గొంతు తగ్గించాడు. "సాయంత్రం ఊరు అడిగేది నన్నే. గుర్తుందా?"

ఆమె ముఖం పాలిపోయింది. అయినా కదల్లేదు.

"ఒడ్డు ఇవ్వకపోతే మానెయ్యండి. నా తాడుకున్న మనిషి అటు రాడు."

చేతిలోని పొడుగు కర్రను ఆ నున్నటి మంచులోకి గుచ్చింది. కర్ర పిడిదాకా దిగిపోయింది. లాగేసరికి గంపెడు మంచు కూలి, కింద నల్లటి బీట కనిపించింది. పడిన మంచు అడుగుకు చేరిన చప్పుడు చాలాసేపటికి గానీ వినిపించలేదు.

తోర్గిల్స్ తాడును రెండు చేతులా పట్టుకున్నాడు.

"నీకు తెలుసో లేదో అని అన్నాను."

తర్వాత ఈ సంగతి విని మేమంతా మురిసిపోయాం. పరీక్ష అంటే అలా పెట్టాలి.

దిగి గుడిసె దగ్గరికి వచ్చాక ఆయన ముళ్లు విప్పించుకుని లేచాడు. తప్పులు బోలెడున్నాయి గానీ పాసయ్యావు, ఒడ్డు నీకే ఇమ్మని చెబుతాను అన్నాడు. ఆమె థాంక్స్ చెప్పేలోపే కయాక్‌ల వైపు నడిచాడు. డాక్టర్లు ఆయన వెనకాలే కుంటుకుంటూ వెళ్లారు.

మాలెనె కళ్లు తుడుచుకుని, టిక్కులు పెట్టడానికి గుడిసెలోకి వెళ్లి పుస్తకం తెరిచింది. ఎన్నోసారి అన్న గడిలో డాక్టర్లిద్దరూ రెండోసారి అని రాశారు.

వాళ్ల కింద, తోర్గిల్స్ పేరుకు ఎదురుగా, ఒక్కో అక్షరం ఒత్తి ఒత్తి రాసి ఉంది: మొదటిసారి.