బకెట్టు గుర్తు అభ్యర్థి

"జయరాముడూ! నీ ఈత తొట్టి పొర్లి నా ఇల్లు మునిగిపాయె నాయనా! బయటికి రా!"

భద్రమ్మ గొంతెత్తితే కళ్యాణదుర్గం బస్టాండులో కండక్టర్లు కూడా తల తిప్పి చూస్తారు. పళ్లు తోముకుంటున్న జయరాముడు బ్రష్షు నోట్లోనే పెట్టుకుని గేటు దగ్గరికి పరుగెత్తాడు. ముసలామె భుజాన నీళ్లు కారుతున్న బొంత ఉంది. గోడ అవతల పల్లంలో ఉన్న ఆమె ఇంటి గడప దాటుకుని నీళ్లు తాపీగా వీధిలోకి వస్తున్నాయి.

జయరాముడు గబగబా వీధి అటూ ఇటూ చూశాడు. వచ్చే ఆదివారమే అతను నిలబడిన వార్డు మెంబరు ఎన్నిక. వీధి కొళాయిలో నీటిబొట్టు రాలి వారం దాటింది. ఉన్న బోర్లన్నీ ఎండిపోయి అతనిదొక్కటే పోస్తోంది. ఆ ధీమాతోనే ఇంటి పక్కన స్విమ్మింగ్ పూల్ కట్టించాడు. అడుగు తవ్వగానే బండ తగిలితే, తవ్వడం మాని నేల మీదే నాలుగు గోడలు లేపి, నీళ్లు నింపి బ్లీచింగు చల్లాడు. ఇన్నాళ్లూ వీధి పళ్లు కొరుక్కుంటూ ఊరుకుంది. ఈ కరువులో ఆ తొట్టి పొర్లి పారిందని తెలిస్తే మాత్రం ఓట్లన్నీ గంపగుత్తగా పోటీలో ఉన్న తిప్పయ్యకు పడతాయి.

"అవ్వా, మెల్లగా! నీకు దండం పెడతా, అరవద్దు. అంతా నేను బాగు చేయిస్తా."

"చేయిస్తావా? నువ్వే వచ్చి చెయ్యల్ల. కూలోళ్లను పంపిస్తే ఇంగా గట్టిగా అరుస్తా."

ఓటు అడిగేవాడికి పౌరుషం ఎక్కడిది? జయరాముడు తెల్లపంచె ఎగగట్టి, బకెట్టు పట్టుకుని ఆమె వెంట నడిచాడు.

ఇంట్లో చీలమండల దాకా నీళ్లున్నాయి. చెప్పులు, చేట, చీపురు పడవల్లా తేలుతున్నాయి. గోడల అడుగున సున్నం ఊడి వేలాడుతోంది. భద్రమ్మ మంచమెక్కి కాళ్లు ముడుచుకుని కూర్చుంది.

"యాడ నుంచి వచ్చినాయవ్వా ఇన్ని నీళ్లు?"

"నీ గోడ మింద నుంచి. ఇంగ యాడ నుంచి వస్తాయి?"

జయరాముడు నీళ్లు తోడి వీధిలోకి పోయసాగాడు. ఎన్నికలవాళ్లు అతనికిచ్చిన గుర్తు కూడా బకెట్టే. దారినపోయేవాళ్లు ఆగి మరీ చూశారు.

"ఏమన్నా, గుర్తు బలే చూపిస్తాండావే!"

ఏడవలేక నవ్వుతూ జయరాముడు బకెట్టు పైకెత్తాడు. "మన గుర్తు ఇదే అప్పా! మరిసిపోవద్దండి!"

అప్పుడే తిప్పయ్య ప్రచారం ఆటో వచ్చింది. ముసలామె ఇంట్లో నీళ్లు తోడుతున్న ప్రత్యర్థిని చూసి, లోపలున్న తిప్పయ్య మైకు కట్టేశాడు. తనకు ఇంత మంచి ఉపాయం ఎందుకు తట్టలేదా అనుకుంటూ దిగాలుగా వెళ్లిపోయాడు.

నీళ్లు తోడటం అయ్యాక గోనెసంచి పట్టి బండలు తుడవడం మొదలైంది.

"మంచం కింద వదిలేసినావే. ఆడ తిప్పయ్య వచ్చి తుడుస్తాడా?"

జయరాముడు నేల మీద బోర్లా పడుకుని మంచం కింద తుడిచాడు. అక్కడ తడిసిన మూట ఒకటి చేతికి తగిలింది. విప్పితే విత్తనపు వేరుశనగ బుడ్డలు. వాటిని చూడగానే భద్రమ్మ గొంతు నిజంగానే వణికింది.

"వాన పడితే వేద్దామని ఆకలైనా ముట్టకుండా దాచిన విత్తనం నాయనా. మొలకొస్తే ఏం గతి?"

ఓటు సంగతి పక్కనపెడితే, జయరాముడికి మనసు చివుక్కుమంది. తను చల్లగా ఈత కొట్టాలనుకుంటే ఈమె పంటకే ఎసరొచ్చింది. మూట భుజాన వేసుకుని తన మిద్దె మీదికి తీసుకుపోయి, కాయలు ఒక్కొక్కటిగా విడదీసి ఆరబోశాడు.

తిరిగొచ్చి గోనెసంచి అందుకున్నాడో లేదో, ప్రచారం కోసమని కొత్తగా కొన్న సెల్లు మోగింది. భార్య హేమావతి.

"ఇదో, ఒక మాట. తొట్టి దగ్గరికి పోయి చూసినా. నీళ్లు అంచుకు జానెడు కింద ఉండాయి. ఇది యాట్ల పొర్లింటాది?"

"పొర్లింది కాబట్టే జానెడు తగ్గినాయి! గట్టిగా అనొద్దు, ఓట్లు పోతాయి," అని గుసగుసలాడి పెట్టేశాడు. తన తెలివికి తనే మురిసిపోయాడు కూడా.

"అలిసిపోయినావు, ఇంద తాగు," అని భద్రమ్మ చెంబెడు మజ్జిగ ఇచ్చింది. నోట్లో పోసుకుంటే బ్లీచింగు వాసన. ఓటరు చేతి మజ్జిగ ఉమ్మేయకూడదు కదా, కళ్లు మూసుకుని మింగాడు.

మధ్యాహ్నానికి ఇల్లు ఆరింది. బొంతలు దండెం మీద ఊగుతున్నాయి. గోడలకు మళ్లీ సున్నం కొట్టిస్తానని కూడా మాటిచ్చేశాడు. అయినా భద్రమ్మ ఓటు ఖాయమైనట్టు ఎక్కడా తోచలేదు. జయరాముడు ఆఖరి అస్త్రం తీశాడు.

"అవ్వా, నీ ఉసురు నాకొద్దు. ఆ తొట్టి ఉంటేనే కదా ఈ బాధ? ఇప్పుడే పోయి తూము తీసి ఎండగట్టేస్తా. ఇంగ జన్మలో దాంట్లో చుక్క నీళ్లు పోయను. సరేనా?"

ముసలామె దీవిస్తుందనుకున్నాడు. కానీ భద్రమ్మ మంచం మీంచి ఒక్క దూకు దూకి అతని రెండు చేతులూ పట్టుకుంది.

"అంత పని చేయొద్దు నాయనా! నా ఓటు నీకే. రేపట్నుంచి నా కుండలు నిండంగానే, నీ తొట్టిలో నుంచి నా పైపు లాగేసి గానీ కునుకు తీయను!"