ఐదు మిల్లీమీటర్లు

"ఒక్క వాన తుడిచెయ్ రా, ఆదిమూలం" అన్నాడు చెంగయ్య, తాలూకా ఆఫీసులో కొడుకు బల్ల ముందు నిలబడి.

ఆదిమూలం బీఎస్సీ. ఆ ఇంట్లో పలక పట్టిన మొదటివాడు. ఆఫీసు ఆవరణలోని వానడబ్బా బాధ్యత అతనిది. రోజూ పొద్దున ఎనిమిదిన్నరకు డబ్బాలో నీళ్లు గాజు కొలతలోకి వంచి, కన్ను నీటి మట్టానికి దించి, అంకె రాసుకుంటాడు. జ్వరం వచ్చినా మానలేదు.

జూన్ నుంచి సెప్టెంబరు ఆఖరు దాకా పడే వాన రెండు వందల మిల్లీమీటర్లకు తగ్గితే, చుట్టుపక్కల ఊళ్లన్నీ కలిసిన ఆ ఫిర్కా కరువు జాబితాలోకి ఎక్కుతుంది. ఎక్కితే లారీల్లో గడ్డి వస్తుంది. చెంగయ్య ఎద్దులు రెండూ డొక్కలు తేలి ఉన్నాయి.

సెప్టెంబరు పది దాకా పడింది నూట డెబ్బై ఎనిమిదే. పదకొండో తేదీన ఒక్క మబ్బు వచ్చి ఆఫీసు మీద కుమ్మరించి పోయింది. ఇరవై ఏడు. ఆ తర్వాత నెలాఖరు దాకా చుక్క లేదు. మొత్తం రెండు వందల ఐదు.

"మన కయ్యల్లో పడిందేమి రా ఆ వాన?" చెంగయ్య తువ్వాలు మూట విప్పి బల్ల మీద పెట్టాడు. పొడి మన్ను. "జానెడు లోతు తవ్వి తెచ్చినా. సూడు."

"ఫిర్కాకంతా ఒకటే డబ్బా నాయనా. దాన్లో పడిందే లెక్క."

"అట్లయితే ఆ డబ్బాలోనే ఎయ్ రా చెనిక్కాయ. బాగా పండుతాది."

పక్క బల్ల వెంకటముని నవ్వాడు. "పెద్దాయన చెప్పేది నిజమే గదప్పా. ఆ ఇరవై ఏడును పదిహేడని రాస్తే ఎవురు సూడొచ్చినారు?"

"నేను చూసినాను గదన్నా" అన్నాడు ఆదిమూలం.

చెంగయ్య మన్ను మళ్లీ మూటకట్టుకుని వెళ్లిపోయాడు. ఆదిమూలం రెండు వందల ఐదే రాసి పైకి పంపాడు.

అక్టోబరులో పక్క ఫిర్కాకు గడ్డి లారీలు వచ్చాయి. ఈ ఫిర్కాకు రాలేదు. చెంగయ్య ఎద్దుల్ని సంతకు తోలుకెళ్లి కసాయివాళ్లకు కోతకు ఇచ్చేసి, పలుపులు మాత్రం ఇంటికి తెచ్చుకున్నాడు. ఆ రోజు నుంచి కొడుకుతో మాట లేదు.

తల్లి మునిరత్నమ్మ అన్నం గిన్నె పట్టుకుని నిలబడి, "ఎంత పెట్టేది? కొలిచి చెప్పు" అనేది.

నవంబరులో కరువు జాబితా నకలు ఆఫీసుకు వచ్చింది. ఫైలులో కుట్టే పని ఆదిమూలానిదే. తమ ఫిర్కా పేరు ఉండదని తెలిసీ ఒక్కొక్క పేరు మీద వేలు పెట్టి కిందిదాకా చదివాడు.

అడుగున కలెక్టరు సంతకం పక్కన తేదీ ఉంది: ఆగస్టు ఇరవై, ఆ వాన కురవడానికి ఇరవై రెండు రోజుల ముందు.