అత్వ సంధి

“ఈ చిన్నిల్లు ఎవరిది?”

భుజాన తువ్వాలు వేసుకుని స్నానానికి బయలుదేరిన భర్త గుమ్మంలోనే ఆగిపోయాడు. టీవీ తెరమీద గేమ్ కన్సోల్ సెట్టింగుల పేజీ తెరిచి ఉంది. ‘మీ ఆటలు పంచుకుంటున్న కన్సోళ్ళు’ అన్న శీర్షిక కింద రెండే పేర్లు: ‘మా ఇల్లు’, ‘చిన్నిల్లు’.

“అదా... ఏదో మామూలుగా పెట్టిన పేరు.”

“ఇది మామూలు పేరేనా?”

“చిన్న ఇల్లు అని రాద్దామనుకున్నాను. కలిసిపోయింది.”

“రెండు మాటలు వాటంతట అవే కలవవు. ఎవరో కలిపితేనే కలుస్తాయి.”

ఆమె ఒక ప్రచురణ సంస్థలో ప్రూఫులు దిద్దుతుంది. మాటకూ మాటకూ మధ్య ఉండవలసిన ఖాళీని కాపలా కాయడమే ఆమె ఉద్యోగం. విడిగా రాస్తే అది గోడలూ కప్పూ ఉన్న ఇల్లు. సంధి కలిపితే రెండో కాపురం. అత్తునకు సంధి బహుళమని వ్యాకరణం ఒప్పుకుంటుంది. ఆ బాహుళ్యం అక్షరాలకే గాని సంసారాలకు వర్తించదని ఆమె నిశ్చితాభిప్రాయం.

“ఆ ఇంట్లో ఉన్నదెవరు?”

“తెలిసినవాళ్ళే.”

“ఎవరికి తెలిసినవాళ్ళు?”

“స్నానం చేసొచ్చి చెబుతానే, చెమటకు ఒళ్ళంతా జిడ్డుగా ఉంది” అంటూ బాత్‌రూములో దూరి గడియ పెట్టుకున్నాడు. రోజూ కుళాయితో పోటీపడి పాటలు పాడే మనిషి. ఇవాళ కుళాయి ఒక్కటే వినిపించింది.

ఆమె ఆడపడుచుకు ఫోన్ చేసింది. ఆ పిల్లకు ఇలాంటి యంత్రాలన్నీ కొట్టిన పిండి.

“ఒకరు కొన్న ఆటను ఇంకో ఇంట్లో కన్సోల్ మీద కూడా ఆడుకోనివ్వడం వదినా అది. అన్నయ్య ఎవరికో అనుమతి ఇచ్చాడన్నమాట.”

“ఆ ‘ఎవరికో’ దగ్గరే వచ్చింది నా చిక్కు.”

“అన్నయ్య మీదా అనుమానం! ఒక ఇంటికి తాళం వేయడమే మరిచిపోతాడు, రెండిళ్ళు ఏలతాడా?”

“నవ్వింది చాలుగాని, ఆపడమెలాగో చెప్పు.”

“పేరు పక్కనే మీట ఉంటుంది. నొక్కితే అవతలివాళ్ళ ఆటలన్నిటికీ తాళం పడుతుంది. కానీ వదినా, అన్నయ్య బయటికొచ్చేదాకా ఆగరాదూ?”

ఆమె ఫోన్ పెట్టేసింది. ఆగడానికి ఆమెకు ఓపిక ఎక్కడ మిగిలింది?

కొన్నాళ్ళుగా చూస్తూనే ఉంది. సాయంత్రం పనినుంచి వస్తూనే చెవులకు హెడ్‌ఫోన్లు తగిలించుకుంటాడు. గొంతు తగ్గించి, లేని వినయం తెచ్చిపెట్టుకుని, “అంత భయమైతే ఎలాగండీ... ఎవరూ చూడటం లేదు, వచ్చెయ్యండి” అంటాడు. మీరట! కట్టుకున్న పెళ్ళానికి ఏనాడూ దక్కని బహువచనం. ఎవరని అడిగితే, ఆటలో పరిచయమంటాడు. ఆమె గదిలోకి రాగానే మాట మింగేస్తాడు.

ఇలాంటి మనిషి కోసమా ఆమె కన్నతండ్రిని వదులుకుంది? ఆయన డ్రైవింగు లైసెన్సులిచ్చే ఇన్‌స్పెక్టరుగా పనిచేశాడు. తాను డ్రైవింగు పరీక్షలో ఫెయిల్ చేసిన లిఫ్టు మెకానిక్కును కూతురు ఏరికోరి చేసుకుంటే, “ఆ గుమ్మం తొక్కను, అతని మొహం చూడను” అని ఒట్టు పెట్టుకున్నాడు. ఆ ఒట్టు నేటికీ చెక్కుచెదరలేదు. ఆయన పెద్ద మేడ అద్దెకిచ్చేసి ఒంటిగదికి మారిన సంగతి కూడా ఆమెకు పరాయివాళ్ళ నోటనే తెలిసింది. ఫోన్ చేస్తే ఎత్తడు. పుట్టిల్లు పోయిందని సరిపెట్టుకుంది. ఇప్పుడు ఈ ఇంటికి కూడా వాటాదారులా?

భర్త దాచుకున్న ఆటల వీడియోలు తెరిచింది. అన్నీ కార్ల పందేలే. ఒకదాంట్లో, నగరం నడిబొడ్డున కార్లన్నీ ప్రాణాలకు తెగించి దూసుకుపోతుంటే, ఒక నీలం కారు మాత్రం ఎర్రలైటు దగ్గర బుద్ధిగా నిలబడింది. పచ్చలైటు పడ్డాక, ఇండికేటరు వేసి మరీ మలుపు తిరిగింది. గెలవాల్సిన భర్త కారు దానికోసం ముందు వీధిలో పడిగాపులు కాస్తోంది.

ఎంత ఒద్దిక! ఎంత నాజూకు! బజారుకు కలిసి వెళితే నాలుగడుగులు ముందు నడిచే మనిషి, పందెం ఓడిపోయి మరీ ఎదురుచూస్తున్నాడు. ఇన్నేళ్ళలో ఆమెకోసం ఒక్క మలుపులోనైనా ఆగాడా?

సెట్టింగులకు తిరిగి వచ్చింది. ‘చిన్నిల్లు’ పక్కన పచ్చచుక్క వెలుగుతోంది. అంటే అక్కడ ఎవరో ఈ క్షణాన కూడా ఆడుతున్నారు.

మీట నొక్కింది. ‘పంచుకోవడం ఆపేస్తే ఆ కన్సోల్‌లో మీ ఆటలు తెరుచుకోవు. ఆపమంటారా?’ అని తెర మర్యాదగా అడిగింది.

“ఆపవే తల్లీ! ఆట కట్టించమనే చెబుతున్నాను.”

పచ్చచుక్క ఆరిపోయింది. గెలిచినట్టు మాత్రం అనిపించలేదు.

అంతలోనే టీపాయి మీద భర్త ఫోన్ మోగింది. ‘లిఫ్టు ఆఫీసు’ అని పేరు.

ఆదివారంనాడు, సరిగ్గా ఆట ఆగగానే, ఏ లిఫ్టు ఆగిందో! బాత్‌రూమువైపు ఒకసారి చూసింది. కుళాయి ఇంకా పారుతూనే ఉంది. ఆ గొంతేదో ముందు విని, తరువాత కడిగేద్దామని, మాట్లాడకుండా ఫోన్ చెవికి ఆనించుకుంది.

అవతల ఎవరో గొంతు సవరించుకున్నారు.

“ఏమయ్యా అల్లుడూ, అమ్మాయికి తెలిసిపోయిందా?”