ఎర్రకోటుకు సాక్షి

"ఆ పాస్‌పోర్టు నాకివ్వమ్మీ," అన్నారు వరాహనరసింహం.

అమూల్య ఇవ్వలేదు. గుండెకు హత్తుకుని గుమ్మం వైపు చూస్తోంది. "టిబ్స్ గారు వచ్చే వేళయింది తాతయ్యా. వీసాకి ఇవాళే పంపాలట. మిమిక్రీలో సంతలో వాళ్ళ గొంతులన్నీ దింపుతానని లండన్ టీవీ పిలిస్తే నీకు సంతోషం లేదేటి?"

"అంత టీవీవాడు జయపురం ఏటికొచ్చేడు? ఫోన్లో వెతికితే పేరైనా దొరకదే!"

"అక్కడ చిన్న షోల్లో చిన్న మనిషినని ఆయనే చెప్పేడు. ఆమాటకొస్తే నీ పేరు దొరుకుతుందేటి?"

పెళ్ళికి ముందు వరాహనరసింహం రెండేళ్ళు లండన్‌లో ఉన్నారనీ, టీవీలో శనివారం వినోదాల షోలో ఎర్రకోటు తొడుక్కుని బహుమతి పెట్టెలు మోసేవారనీ జయపురంలో తెలియనివాళ్ళు లేరు. ఫొటోలు చెదలు తినేశాయట. దివాణంలో పనిచేసిన వంశం కాబట్టి చాలామంది నమ్మారు. క్లబ్బులో నలుగురైదుగురు మాత్రం ఇప్పటికీ మూతి తిప్పుతారు. ఆ మూతులు చూసి ఆయన భార్య సీతామహాలక్ష్మి నలభై ఏళ్ళుగా ఉడుక్కుంటూనే ఉంది.

నార్మన్ టిబ్స్ రానే వచ్చాడు. డెబ్బై దాటిన తెల్లాయన, నోరంతా నవ్వే. కూర్చుంటూనే పాస్‌పోర్టు కోసం చెయ్యి చాపాడు.

"ఒక్క మాట," అని వరాహనరసింహం ఇంగ్లీషులో అడ్డుపడ్డారు. "శనివారం షోలో ఎర్రకోటు వేసుకుని పెట్టెలు మోసిన తెలుగు కుర్రాడు మీకు గుర్తున్నాడా?"

టిబ్స్ ఆయన్ని తేరిపార చూసి, లేచొచ్చి వాటేసుకున్నాడు. "నువ్వేనా! ఓసారి పెట్టె జారవిడిస్తే స్టూడియో అంతా పడీపడీ నవ్వింది. ఎలా మర్చిపోతాను?"

అమూల్య చప్పట్లు కొట్టింది. సంగతి తెలిశాక సీతామహాలక్ష్మి కళ్ళొత్తుకుంది. "ఇన్నాళ్ళకి సాక్షి దొరికేడండీ! రేపు క్లబ్బుకి తీసుకెళ్ళండి. ఎవడు మూతి తిప్పుతాడో చూస్తాను."

"ఇంకా అనుమానమేటి తాతయ్యా?" అంటూ అమూల్య పాస్‌పోర్టు అందించబోయింది.

వరాహనరసింహం ఆమె చెయ్యి గట్టిగా పట్టుకున్నారు. భార్య ముఖం చూడలేక తల దించుకున్నారు.

"ఇవ్వకమ్మీ. వీడు దొంగ."

"నీకెలా తెలుసు?"

"నేను లండన్ ఎప్పుడూ వెళ్ళలేదు."