భోజనం వేళ

"కూర్చోవచ్చా?" అన్నాడు జడ్జి ఆర్విల్, సూప్ గిన్నెతో బల్ల పక్కన నిలబడి.

లాయర్ లీలండ్ తలెత్తి చూశాడు. "తొందరపడకండి జడ్జిగారూ. మీ కోర్టులో నా కేసేమైనా ఉందేమో చూసుకోండి."

"నిన్ననే రిటైరయ్యాను రా. ఇక ఎవరితోనైనా తినొచ్చు."

ఫెడరల్ జడ్జి కాకముందు ఆర్విల్ కూడా లీలండ్ ఆఫీసులోనే లాయరు. మధ్యాహ్నమైతే ఇద్దరూ డులూత్ ఊళ్లోని ఈ హోటల్లోనే, సరస్సు కనిపించే ఈ కిటికీ దగ్గరే తినేవాళ్లు. జడ్జి అయ్యాక ఆర్విల్ కోర్టులో తన గది తలుపు వేసుకుని ఒక్కడే తినేవాడు. తన ముందు వాదించే లాయరుతో భోంచేస్తే నలుగురూ నాలుగు మాటలంటారని భయం.

"నువ్వు కొన్నాళ్లకే నా కోర్టుకి రావడం మానేశావు. నా తీర్పుల మీద కోపం అనుకున్నాను," అన్నాడు కూర్చుంటూ.

"కోపమేమీ లేదు. నీ కోర్టుకొచ్చే ఫెడరల్ కేసులన్నీ వదిలేశాను. వీలునామాలు రాసుకుంటూ బతికాను."

"వాదించడమంటే ప్రాణం పెట్టేవాడివి. ఎందుకు వదిలేశావు?"

"నీ కోర్టులో నాకు పని లేకపోతే, నాతో తినడానికి నీకు అడ్డేముంటుంది? పిలుస్తావనుకున్నాను."

ఆర్విల్ చెంచా కింద పెట్టేశాడు. "ఒక్క మాట చెప్పొచ్చుగా," అన్నాడు.

"చెబుదామనే వచ్చాను రా ఒకసారి. నీ గది బయటే గుమాస్తా ఆపేశాడు. జడ్జిగారు భోంచేస్తున్నారు, ఎవరినీ లోపలికి పంపొద్దన్నారు అన్నాడు."