చావుల పుస్తకంలో ఎల్లప్ప

ముసలాయన బొటనవేలు నాలుకకు అద్దుకుని పుట తిప్పాడు. హనుమక్క ముక్కు చిట్లించి చెయ్యి చాపింది.

“ఏమప్పా, ఎంగిలి చేతుల్తో ముట్టుకోవద్దని ఎన్నిసార్లు చెప్పల్ల? యాభై ఏండ్ల నాటి కాగితం అది. ఇట్లియ్యి.”

రిజిస్టరు లాక్కుని, తడి తగిలిన మూలను కొంగుతో ఒత్తింది. గుప్పున పొగాకు కంపు. ఆ కొంగు ఉతికేదాకా ఇక ఆమెకు అన్నం సయించదు.

బంగారు గనులు మూతబడ్డాక పాత రిజిస్టర్లు కొన్ని కేజీఎఫ్‌లోని ఆ లైబ్రరీకి చేరాయి. అప్పటినుంచీ లైబ్రేరియన్ హనుమక్కకు చేతినిండా పనే. బెంగళూరు నుంచి, చెన్నై నుంచి మనవలు వస్తారు. తాత పేరూ, గనిలో ఇచ్చిన టికెట్ నంబరూ చెబితే చాలు. ఆయన ఏ ఊరి నుంచి వచ్చాడో, ఏ షాఫ్టులో దిగాడో, ఎప్పుడు దగ్గు పట్టి ఇంటికి పోయాడో గంటలో తీసి ముందు పెడుతుంది.

ఇంతమంది తాతల్ని వెతికిచ్చిన మనిషి గనిలోనే పనిచేసిన తన తండ్రి కోసం మాత్రం ఒక్క పుట కూడా తిప్పలేదు. ఆమెకు మూడేళ్ళప్పుడు ఆ మహానుభావుడు పెళ్ళాన్నీ బిడ్డనూ వదిలేసి, ఎవత్తెనో వెంటబెట్టుకుని బంగారుపేటలో రైలెక్కాడు. గనివాళ్ళు కాపురముండే కూలీ లైన్లలో అందరూ చెప్పిన మాటే అది. అమ్మ నలుగురిళ్ళలో పాచిపని చేసి ఆమెను చదివించింది. పారిపోయినవాడు ఏ గంగలో కలిస్తే తనకేం?

“నీ పేరు హనుమక్కే కదమ్మా? మీ అమ్మ ఉండాదా?” అన్నాడు ముసలాయన.

“పోయి పదేండ్లాయ. నీకెందుకప్పా అవన్నీ?”

ఆయన తల దించుకున్నాడు. పని చేయించుకోవడానికి వచ్చినవాళ్ళందరూ ఇలాగే వరసలు కలుపుతారు. అదన్నా ఆమెకు రోతే.

“సరే, ఎవురు కావాల?”

“ఎల్లప్పని. టికెట్ నలభై నాలుగు పదిహేడు. డెబ్బయ్యో సంవత్సరం. చావుల పుస్తకంలో ఉంటాడు.”

ఐదు నిమిషాల్లో దొరికాడు. హనుమక్క పైకి చదివింది. ఎల్లప్ప, తండ్రి దొడ్డమునియప్ప. మొదటి షిఫ్టులో బండ విరిగిపడి నలుగురు మృతి. మూడో రోజు శవాలను పైకి తెచ్చారు. ఇతని ముఖం గుర్తుపట్టేలా లేదు. మెడలోని ఇత్తడి బిళ్ళ మీద నంబరును బట్టి ఎవరో తేల్చారు. భార్యకు ఆస్పత్రిలో ఆయా పని ఇచ్చారు.

ముసలాయన కళ్ళు మూసుకుని విన్నాడు.

“ఆ పేరు కొట్టేసి ఇంగో పేరు రాసేదానికి అయితాదామ్మా?”

ఓహో, ఇదా సంగతి! గనివాళ్ళ క్వార్టర్సుకు పట్టాలిస్తారనే మాట పుట్టినప్పటినుంచీ ఇలాంటివాళ్ళు ఎక్కువయ్యారు. శవాల మీద పేలాలు ఏరుకునే రకం.

“ఇది రేషన్ కార్డు కాదప్పా, పేర్లు తీసి పేర్లు ఎక్కించేదానికి. నకలు కావాలంటే ఆధార్ ఇయ్యి. లేదంటే లేచి పో.”

ఆయన జేబులోంచి కార్డు తీసి బల్ల మీద పెట్టాడు. పేరు ఎల్లప్ప. తండ్రి దొడ్డమునియప్ప. ఊరు టేకల్ పక్కన.

హనుమక్క కార్డునూ పుటనూ మార్చి మార్చి చూసింది.

“ఆ చచ్చినోడు నేనేనమ్మా,” అన్నాడు. “ఆ కాలంలో లైన్లలో అదొక వాడుక. ఒంట్లో బాగలేకపోతే, ఊర్లో జాతరొస్తే, సెలవులో ఉండే స్నేహితుని చేతికి మన బిళ్ళ ఇచ్చేది. వాడు మన నంబరు మీద దిగొస్తాడు. మన హాజరీ పోదు. రేపు వానికి మనం దిగుతాము. ఆ పొద్దు మా ఊర్లో జాతర. నా బిళ్ళ ఏసుకొని ఇంగొకడు దిగినాడు. కూడా దిగిన ముగ్గురూ పోయినారు, చెప్పేవాడు మిగల్లేదు. నేను చచ్చినానని నాకు జాతరలోనే తెలిసె.”

“తెలిసి ఏం చేస్తివి?”

“ఏం చేసేది? పెండ్లానికి పని ఇచ్చేసినారు. బిళ్ళ మార్చినామంటే పనీ పోతాది, జైలూ ఉండాది. ఊర్లోనే అణిగిపోయినాను. ఆమె ఆదివారం వస్తాండె. టేకల్ టేషన్లో దిగినంక బొట్టు పెట్టుకుంటాండె. పోయిన నెల కన్ను మూసింది. ఇంగ ఎవురికి భయపడల్ల?”

హనుమక్కకు ఒంటి మీద జెర్రులు పాకినట్టయింది. ఇంకొకడి శవాన్ని తన పేరుతో పూడ్పించి, యాభై ఏళ్ళ పైన దాని మీద కాపురం చేశాడు. మొగుడు బతికుండగానే ఆ మహాతల్లి వారానికి ఆరు రోజులు విధవ వేషం కట్టింది. ఇలాంటి మనిషి ఊపిరి తగిలిన గాలి పీల్చడానికి కూడా ఆమెకు అసహ్యం వేసింది.

“ఆ చచ్చినోడికి పెండ్లాం బిడ్డలు లేరా?”

“ఉండిరి.”

“వాళ్ళకు చెప్పినావా?”

“ఇప్పటిదాకా లేదమ్మా.”

“థూ! నువ్వూ ఒక మనిషివేనా?” హనుమక్క గొంతు హాలంతా వినబడింది. పేపరు చదువుతున్నవాళ్ళు తలలు తిప్పారు. “వాడు వస్తాడని ఆ పెండ్లాం ఎన్ని రోజులు గడపలో కూర్చుందో! ఒక్క మాట చెప్పేదానికి నీకు నోరు రాలేదా? లే ఈడనుంచి. ముందు ఆ ఇంటికి పో. ఆ బిడ్డల కాళ్ళు పట్టుకో. ఆమీట రా, పేరు మార్చమని అర్జీ నేనే రాసిస్తా.”

ముసలాయన లేచాడు. తలుపు వైపు పోలేదు. బల్ల పట్టుకుని నెమ్మదిగా ఆమె వైపు వచ్చి, కుర్చీ ముందు నేల మీద కూలబడ్డాడు.

“అమ్మా, ఆ పొద్దు నా బిళ్ళ ఏసుకొని దిగినోడు మీ నాయన.”